పంతొమ్మిది నిమిషాలు చూపించాను

మా ముదీర్, అంటే కంపెనీ యజమాని, పెట్టిన షరతు ఒక్క వాక్యంలో ఇమిడిపోయింది. "ఆ జర్మన్ మేడమ్ నిన్ను ఎడిటర్ అని ఒక కాగితం రాసిస్తే నువ్వు ఇక్కడ ఉంటావు. రాయకపోతే ఖలాస్." ఖలాస్ అంటే అయిపోయినట్టే. నా ఇకామా, అంటే అక్కడ ఉండనిచ్చే కార్డు, గడువు తీరడానికి అప్పటికి మూడు నెలలుంది.

చిక్కంతా ఆ కార్డు మీద నా వృత్తి సేల్స్‌మన్ అని ఉండటం. అది అబద్ధమేమీ కాదు. నేను రియాద్‌కు వచ్చింది బతా బజారులో ఒక కెమెరాల దుకాణంలో అమ్మకాలు చేయడానికే. జగిత్యాలలో మా నాన్నదీ, ఇద్దరు బాబాయిలదీ, మేనమామదీ బట్టల దుకాణాలు ఒకే వరసలో ఉండేవి. సెలవుల్లో పిల్లలం ఆడుకున్న ఆట కూడా బేరమే. ఒకడు ధర చెప్పాలి, ఒకడు సగానికి అడిగి రెండడుగులు వెళ్లిపోవాలి, మూడోవాడు "ఇచ్చెయ్యన్నా, మనోడే" అని సర్ది చెప్పాలి. అలా పెరిగినవాడికి శుక్రవారం నాటి బతా సందులు పరాయి ఊరిలా అనిపించలేదు.

ఆ దుకాణం వెనక గదిలో ఒక కంప్యూటరు ఉండేది. కెమెరా కొన్న సౌదీలు పెళ్లి వీడియోలు తెచ్చి, కాస్త సరిచేసి ఇవ్వమనేవారు. నేను ఎడిటింగ్ నేర్చుకున్న బడి అదే. అక్కడ పెళ్లిలో మగవాళ్ల హాలు వేరు, ఆడవాళ్ల హాలు వేరు. ఆడవాళ్ల వైపు తీసేదీ ఆడవాళ్లే, కత్తిరించేదీ ఆడవాళ్లే. నా దగ్గరికి వచ్చేది ఇటువైపుది: బారుగా సోఫాలు, బారుగా తెల్ల తోబులు తొడిగిన మగవాళ్లు, కాఫీ, బుగ్గలకు ముద్దులు, కత్తుల నృత్యం, మళ్లీ కాఫీ. పెళ్లికూతురు లేని పెళ్లిళ్లు కొన్నేళ్లపాటు కత్తిరించాను. కథానాయిక లేకుండా నలభై నిమిషాలు లాగగలిగినవాడు ఏ సినిమానైనా లాగుతాడని నా మీద నాకు గట్టి గురి.

ముదీర్ నాకు తగిలింది ఆ రోజుల్లోనే. ఒక కెమెరా ధర మీద నాతో గంటసేపు కొట్లాడి, చివరికి కెమెరాతో పాటు నన్నూ తన కంపెనీకి తీసుకుపోయాడు. ప్రకటనలు, ఆస్పత్రుల సిబ్బందికి శిక్షణ వీడియోలు చేసే చిన్న కంపెనీ అది. ఆయన తండ్రికి కూడా ఒకప్పుడు బతాలో దుకాణం ఉండేదట, ఈయనకు ఉర్దూ అక్కడే అబ్బింది. నాకు పని మారింది, స్పాన్సర్ మారాడు, కార్డు మీద వృత్తి మాత్రం మారలేదు. ఎవరూ అడగలేదు, మేమూ కదిలించలేదు.

తర్వాత అడగడం మొదలైంది. కంపెనీలో సౌదీలు ఎందరున్నారన్న దాన్ని బట్టి సర్కారు ఇచ్చే నితాఖాత్ రంగులు. మా కంపెనీ పసుపులోకి జారింది. ఇంకో మెట్టు జారితే ఎరుపు, ఎరుపులో ఎవరి ఇకామా కూడా రెన్యూ కాదు. అమ్మకాల ఉద్యోగాలు ఒకదాని వెనక ఒకటి సౌదీలకే అని ప్రకటించారు. దానికి తోడు ఇంట్లో ఉన్న భార్యకూ పాపకూ తలకింత అని లెవీ, ఏటేటా పెరిగేది. ముదీర్ తేల్చిన మాట ఇది: ఎడిటింగ్ గదిలో పరదేశికి ఒక్క చోటు ఉంది, అదీ ఎడిటర్‌గా అయితేనే. అసిస్టెంట్ కుర్చీలో సౌదీ కూర్చోవాల్సిందే. నా వృత్తి మార్చమని దరఖాస్తు పెట్టాలంటే పైవాళ్లకు చూపడానికి నిపుణుల మాట కావాలి. ఆ నిపుణురాలు మా గదిలోనే, నా పక్క కుర్చీలోనే ఉంది.

ఆమెను రప్పించింది ముదీరే. దేశంలో ఇంకా ఒక్క సినిమా హాలు తెరవని రోజుల్లో ఆయనకు సినిమా పిచ్చి. ఖసీమ్‌లో ఖర్జూరాల సంత మీద ఒక సీజనంతా తిరిగి డాక్యుమెంటరీ తీశాడు. దాన్ని కత్తిరించడానికి, జర్మనీలో ముప్పై ఎనిమిదేళ్లు సినిమాలు కత్తిరించిన మనిషిని నాలుగు నెలలకు మాట్లాడుకున్నాడు. అరవై దాటింది. పొట్టి తెల్ల జుట్టు, మెడలో తాడుకు కళ్లద్దాలు, నల్ల అబాయా కింద ఎప్పుడూ అదే నీలం స్వెట్టరు. బయటి ఎండ కన్నా మా ఏసీకి ఎక్కువ భయపడేది.

తన సంగతులు ఆమె వరసగా ఎన్నడూ చెప్పలేదు. కంప్యూటరు మొరాయించినప్పుడు ఒక ముక్క, టీ తాగుతూ ఒక ముక్క. పద్దెనిమిదో ఏట మ్యూనిక్‌లో ఒక ఎడిటింగ్ గదిలో శిష్యురాలిగా చేరిందట. అక్కడ ఆ పనిలో ఎక్కువగా ఆడవాళ్లే ఉండేవారట, కుట్టుపని లాంటిదని మగవాళ్లు అనుకోవడం వల్ల. మూడేళ్లు కత్తెర ముట్టనివ్వలేదు. తెల్ల చేతి తొడుగులు వేసుకుని, ఫిలిం ముక్కలకు నంబర్లు రాసి, వాటిని కొక్కేలకు వేలాడదీయడమే పని. కింద గుడ్డ పరిచిన తొట్టి, ఫిలిం నేలకు తగలకుండా. ఆమె గురువు ఒక సీను చూపించి, మర్నాడు అందులోంచి నాలుగు ఫ్రేములు తీసేసి మళ్లీ చూపించి, "ఏం పోయింది?" అని అడిగేదట. చెప్పలేకపోతే టీ ఉండదు.

"ఎన్నాళ్లు పట్టింది మేడమ్, చెప్పడానికి?"

"రెండు శీతాకాలాలు."

ఆ తర్వాత సినిమాలు, వాటి తర్వాత టీవీ పోలీసు కథలు. పేరున్న దర్శకులు ఆమె గదిలో ఏడ్చారట. తర్వాత బహుమతులు తీసుకునేటప్పుడు కెమెరామన్ పేరు చెప్పారు, సంగీతం పేరు చెప్పారు, అమ్మ పేరు కూడా చెప్పారు. ఈమె పేరు చెప్పినవాళ్లు ఇద్దరే. అది చెబుతూ నవ్వేది. బెర్లిన్ గోడ కూలాక తూర్పు జర్మనీ స్టూడియో మూతపడిన సంగతి చెప్పినప్పుడు మాత్రం నవ్వలేదు. తనకన్నా మంచి ఎడిటర్లు అక్కడ ఉండేవారట. అందులో ఒకామె కొన్నేళ్ల తర్వాత బెర్లిన్‌లో ఒక సూపర్‌మార్కెట్లో బిల్లులు కొడుతూ కనిపించిందట. "ఆమెకూ నాకూ ఉన్న తేడా ఒక్కటే. నా సర్టిఫికెట్ పడమటిది." చివరికి కుర్ర దర్శకులు తమ సినిమా తామే ల్యాప్‌టాప్‌లో కత్తిరించుకోవడం మొదలుపెట్టారు, ఈమె ఫోను మోగడం మానేసింది. అందుకే రియాద్.

మా ఇద్దరికీ మొదటి వారం నుంచే పేచీ. ఆమె ఒక షాట్ చివర వేలు పెట్టి "ఇక్కడ" అనేది. నేను అలవాటు కొద్దీ "ఇంకో ఆరు ఫ్రేములు ఇవ్వండి మేడమ్" అనేవాణ్ని. ఆమె "ఇక్కడ" అనేది. నేను నాలుగుకు దిగేవాణ్ని. సెకనుకు ఇరవై అయిదు ఫ్రేములు, అందులో నాలుగు అడగడం కూడా తప్పా? ఆమె కళ్లద్దాలు దించి, జబ్బు మనిషిని చూసినట్టు చూసేది. "నీకు నిజంగా ఎన్ని కావాలి?" "రెండు." "అయితే ఆరు అని ఎందుకన్నావు?" మా ఊళ్లో అలాంటి ప్రశ్న అడిగినవాడిని నేను చూడలేదు.

రెండు నెలలయ్యాక నేనే కాగితం సంగతి ఎత్తాను. ఆమె నా ఇకామా తీసుకుని అటూ ఇటూ తిప్పి చూసింది. "రాస్తాను. కానీ చూడకుండా రాయలేను. ముసలి రైతు భాగం నువ్వు ఒక్కడివే కత్తిరించు. నేను గదిలోకి రాను. ఆదివారం నాకూ ముదీర్‌కూ చూపించు. అది ఎడిటర్ కట్ అయితే ఎడిటర్ అనే రాస్తాను."

ఆ రైతు భాగం సినిమాకు గుండెకాయ. ఒక ముసలాయన పికప్ నిండా ఖర్జూరం పెట్టెలు వేసుకుని వేలానికి వస్తాడు. వేలం పాటవాడు ధర పెంచుతూ పోతాడు, ముసలాయన తల అడ్డంగా ఊపుతూ పోతాడు. చివరికి సరుకంతా తిరిగి ఎక్కించుకుని వెళ్లిపోతాడు. మూడు గంటలకు పైగా తీసిన ఫుటేజీ ఉంది. బుధవారం మధ్యాహ్నానికి కత్తిరించేశాను. పదకొండు నిమిషాలు. మొదలే పికప్ వెనక తలుపు మీద కూర్చున్న ఆయన మోకాళ్లతో. సంగీతం లేదు. పాటవాడి గొంతు, ఈయన మౌనం, అంతే. నా జన్మలో అంత బాగా ఏదీ చేయలేదని నాకే తెలుస్తోంది. అంత బాగుందని తెలిసేసరికి భయం పట్టుకుంది.

ఎందుకంటే పదకొండు నిమిషాలు తీసుకుపోతే ఆమె తొమ్మిది చేస్తుంది. చూపించినవాడికీ చూసినవాడికీ మధ్య ఏదో ఒకటి తగ్గాలి, తగ్గకపోతే చూసినవాడికి తృప్తి ఉండదు. మా నాన్న చీర ధర చెప్పేటప్పుడు గిరాకీ ఆత్మగౌరవానికి కొంత కలిపి చెప్పేవాడు. నేనూ కలిపాను. గురువారమంతా కూర్చుని తాటాకుల మీద సూర్యోదయం పెట్టాను, డ్రోన్ షాట్లు పెట్టాను, వేరే రైతుల బేరాలు రెండు, ఊద్ వాయిద్యం ఒకటి. పసిపిల్ల బుగ్గ మీద దిష్టిచుక్క పెట్టినట్టు, పెట్టెల మీద కెమెరామన్ నీడ పడ్డ షాట్ కూడా ఒకటి కావాలని ఉంచాను. అది ఆమె పట్టుకుంటుంది, తీసెయ్యమంటుంది, నేను "అవును కదా మేడమ్!" అంటాను. అలా తగ్గిస్తూ తగ్గిస్తూ నా పదకొండు నిమిషాల దగ్గరికి ఆమె తనంతట తానే వస్తుంది. మొత్తం పంతొమ్మిది నిమిషాలు.

ఇంట్లో చెబితే నా భార్య అన్నం వడ్డిస్తున్న గరిటె ఆపేసింది.

"గామె నిన్ను అడిగిందేంది? నీ పని చూపెట్టుమన్నది. నువ్వు తీస్కపోతున్నదేంది?"

"నా పనే. కొంచెం ఎక్కువ."

"పోరికి జరం వస్తె గిట్లనే జేసినవ్. నూటొకటి ఉంటె, డాక్టరు గట్టిగ చూడాల్నని నూటనాలుగని చెప్పినవ్. ఆయన నమ్మి రెండు దినాలు దవఖాన్ల పండవెట్టుకున్నడు. యాదికున్నదా?"

"అది వేరే, ఇది వేరే."

"ఏది వేరు? అందరు మీ జగిత్యాల గిరాకీలే అనుకుంటున్నవా? జర్మనోళ్లకు బేరం ఎర్కనో లేదో కనుక్కున్నవా?"

బేరం తెలియని మనిషి భూమ్మీద ఉంటాడని నేను నమ్మలేదు. అదీ నా గొప్ప.

ఆదివారం ముగ్గురం కూర్చున్నాం. ముదీర్ గావా, వాళ్ల కాఫీ, పోయించి ఫోను పక్కన బోర్లా పెట్టాడు. ఆమె చేతులు ఒళ్లో పెట్టుకుని చూసింది. సూర్యోదయం అయ్యింది, డ్రోన్ తిరిగింది, ఊద్ మోగింది. నా చేతిలో పెన్నూ కాగితమూ సిద్ధం, ఆమె చెప్పే మార్పులు రాసుకోవడానికి. నీడ షాట్ వచ్చింది. ఆమె తల కొంచెం కదిలింది, మాట రాలేదు. పంతొమ్మిది నిమిషాలూ అయిపోయాయి. కాగితం తెల్లగానే ఉంది.

"ఇది నీ కట్టేనా?" అంది.

"ఎక్కడ తగ్గించమంటే అక్కడ తగ్గిస్తాను మేడమ్."

"నేను అడిగింది అది కాదు. ఇది నీ కట్టేనా?"

దుకాణంలో ఇలాంటి చోట తడబడితే సరుకు పోతుంది. నిండుగా నవ్వి "అవును మేడమ్" అన్నాను.

ఆమె ముదీర్ వైపు తిరిగింది. "మంచి అసిస్టెంట్. చాలా జాగ్రత్త. దేన్నీ పోగొట్టడు, దేన్నీ వదలడు. వదలడం వచ్చినప్పుడు ఎడిటర్ అవుతాడు." అని గావా గిన్నె అందుకుంది. ఒక్క నిమిషం తగ్గించమనలేదు. నీడ గురించి కూడా అనలేదు. చెప్పిన ధరకు చెప్పినట్టు ఒప్పేసుకుంది.

"మేడమ్, ఇంకోటుంది" అని, ఆమె ఏదో అనేలోపు పదకొండు నిమిషాలది తెరిచి నడిపించేశాను. ఈసారి ముదీర్ గావా తాగడం మరిచిపోయాడు. పికప్ కదిలి వెళ్లిపోయే చోట "యా సలామ్" అని తొడ చరిచాడు. ఆమె కళ్లద్దాలు తీసి స్వెట్టరు అంచుతో తుడుచుకుంది.

"ఇది ఎప్పుడు చేశావు?"

"బుధవారం."

"మరి అది?"

"గురువారం."

"ముందు మంచిది చేసి, తర్వాత కూర్చుని పాడు చేశావు."

చెప్పుకోవాల్సి వచ్చింది. చీరలు, గిరాకీ, కలిపి చెప్పడం, దిష్టిచుక్క, అన్నీ. సగం ఇంగ్లీషులో, సగం ముదీర్ కోసం ఉర్దూలో. నీడ షాట్ దగ్గరికి వచ్చేసరికి ముదీర్ కళ్లలో నీళ్లు వచ్చేలా నవ్వాడు. "వల్లాహి, మా నాన్న కూడా ఇదే చేసేవాడు! తివాచీ మీద ఒక మరక తానే వేసి పెట్టేవాడు!" ఆయనకు అర్థమైంది. ఎవరికి అర్థమైతే నాకు లాభమో ఆమెకు మాత్రం కాలేదు. లేక, ఇప్పుడు అనిపిస్తోంది, ఆమెకే బాగా అర్థమైంది.

"దర్శకుడు తన సినిమా గొప్పదని తనకు తాను చెప్పుకుంటాడు" అంది నాతో. "నిర్మాత డబ్బుందని అబద్ధమాడతాడు. వాళ్లంతా ఈ గదికి వచ్చేది ఒక్క మనిషి దగ్గర ఉన్నమాట వినడానికి. నేను నిన్ను రెండుసార్లు అడిగాను."

మర్నాడు కాగితం వచ్చింది. అందులో నా గురించి మంచే ఉంది. శ్రద్ధ, జ్ఞాపకశక్తి, చూపు, అన్నీ రాసింది. ఇతను అసిస్టెంట్ ఎడిటర్, ఏడాదిలో ఎడిటర్ కాగలడు, అని ముగించింది. ముదీర్ దాన్ని చదివి నా ముందుకు తోశాడు. "ఆ ఒక్క మాట తీయించు, దోస్త్. అసిస్టెంట్ అన్న మాట. ఏడాది అన్న మాట కూడా. మిగతాది నేను చూసుకుంటాను."

రెండు మాటలు. నా జీవితంలో ఎన్నో తానులు, ఎన్నో కెమెరాలు బేరమాడాను. రెండు మాటలు తగ్గించలేనా అనుకున్నాను. మొదట నవ్వుతూ అడిగాను. తర్వాత పాప బడి గురించి చెప్పాను. ఆ తర్వాత పదకొండు నిమిషాలది మీరే చూశారు కదా అన్నాను.

"చూశాను. ఒకటి చూశాను. ఇంకో ఏడాదిలో ఇంకో పది చూసి చెబుతాను."

"ఏడాది నా చేతిలో లేదు మేడమ్. కార్డులో ఆరు వారాలుంది. మీ గురువు మీకు మూడేళ్లు ఇచ్చింది. నాకు మీరిచ్చింది ఒక ఆదివారం."

నేను ఆగాల్సింది, ఆగలేదు. "ఆ బిల్లులు కొట్టే ఆమె మీకన్నా మంచి ఎడిటరని మీరే అన్నారు. మీ పని నిలబడింది సర్టిఫికెట్ పడమటిది కావడం వల్లే. నాకూ అలాంటి కాగితం ఒక్కటి ఉంటే చాలు. మీ చేతిలో ఉంది, ఇవ్వరు."

ఆమె ముఖం ఎర్రబడింది. "నిజమే" అంది. కాగితం మాత్రం మార్చలేదు. ఒప్పుకున్నాక కూడా ధర మార్చని మనిషితో ఎలా బేరమాడాలో మా నాన్న నేర్పలేదు.

ఆ వారమంతా ఎవరి మీద కోపగించుకోవాలో తెలియక అందరి మీదా కోపగించుకున్నాను. ఆమె మీద, ముదీర్ మీద, రంగుల మీద, ఊద్ వాయిద్యం మీద. ముదీర్ నిజంగానే నా కోసం తిరిగాడు. ఆ కాగితమే పట్టుకుని ఒక ఆఫీసుకు వెళ్లి, అసిస్టెంట్ అయితే సౌదీని పెట్టుకోండి అని వాళ్లు అనగానే తిరిగొచ్చాడు. దేశం విడిచి పొమ్మనే ఫైనల్ ఎగ్జిట్ ముద్ర కొట్టించి, కంపెనీ ఆకుపచ్చలోకి వచ్చాక కొత్త వీసా పంపుతానన్నాడు. "తర్వాత చూద్దాం" అన్న మాట మా దుకాణంలో అరువు అడిగినవాళ్లతో అనేవాళ్లం. సంతకం పెట్టాను.

నా భార్య ఆ రోజు పాప పుస్తకాలు అట్టపెట్టెలో సర్దుతూ, "నాక్కూడ చూపెట్టు" అంది. పదకొండు నిమిషాలది చూపించాను. అయిపోయాక "గిది తీస్కపోతె అయిపోతుండె" అంది.

చివరి రోజు నాకు మిగిలిన పని సినిమా ఆఖరున వచ్చే పేర్లు టైపు చేయడం. అది ఎప్పుడూ అసిస్టెంట్ పనే. మేడమ్ ఇచ్చిన పట్టిక పక్కన పెట్టుకున్నాను. ముసలి రైతు భాగం నా పదకొండు నిమిషాలే ఉంచింది, ఒక్క ఫ్రేము ముట్టకుండా. ఎడిటర్ అని ఆమె పేరు, కింద వేరే వరసలో అసిస్టెంట్ అని నాది. గదిలో ఎవరూ లేరు. నా పేరు ఒక వరస పైకి, ఎడిటర్ అన్న చోట ఆమె పేరు పక్కకు జరిపాను. తెర మీద బాగానే ఉంది. కుర్చీ వెనక్కి వాల్చి చూస్తూ ఉన్నాను.

ముదీర్ నా పాస్‌పోర్టు ఇవ్వడానికి వచ్చి, తెర చూసి ఆగాడు. తిట్టలేదు.

"ఉంచుకో, భాయ్. ఆమెకు నేను చెప్పుకుంటాను. కానీ పాస్‌పోర్టుల మీద ముద్రలు వేసే జవాజాత్ వాళ్లు సినిమాలు చూడరు. తెలుసు కదా?"

తెలుసు. ఎగ్జిట్ ముద్ర అప్పటికే పడిపోయింది. ఆయన వెళ్లాక నా పేరును మళ్లీ కింది వరసలోకి దించాను. పాస్‌పోర్టు తెరిచి పక్కన పెట్టుకుని, అక్షరాలు ఒక్కొక్కటే సరిచూసుకున్నాను. ఒకటి తప్పు పడింది, దిద్దాను. ఫైలు సేవ్ చేసి కంప్యూటరు ఆపేశాను.